పడమటి వాకిలి లెక్క

ఓబులేసుకు వచ్చిన చిక్కల్లా ఒక్కటే. దర్గాలోకి పోయినవాళ్ళు బయటికి రావడం లేదు.

ఎర్రబండపల్లె దర్గా పెద్దదేమీ కాదు. తూర్పున ఇనుప గేటు, నలుగురు పక్కపక్కన నడిచి రావచ్చు. లోపల ఆవరణ, మధ్యలో వలీగా కొలిచే మహాత్ముడి సమాధి, దాని మీద గుమ్మటం. దర్శనం చేసుకున్నవాళ్ళు పడమటి వాకిట్లోంచి బయటపడాలి. ఆ వాకిలేమో ఇద్దరు కాస్త ఒదిగి నడిస్తే తప్ప పట్టనంత ఇరుకు. ఏడాది పొడుగునా దాని సంగతి ఎవరికీ పట్టదు. ఉరుసు పండగ వచ్చిందా, అందరి ప్రాణాలూ దానిమీదే.

పోయినేడు అక్కడే తొక్కిడి జరిగింది. చెంగమ్మ అని పూలమ్ముకునే ఆమె జనం కాళ్ళకింద పడిపోయింది. ప్రాణం దక్కిందే గానీ కుడి భుజం విరిగింది. ఇప్పటికీ ఆ చెయ్యి తలదాకా లేవదు. ఆ రోజు వెనకనుంచి "జరగండి, జరగండి, ముందుకు పదండి" అని జనాన్ని తరిమింది ఓబులేసే. ఆ తర్వాత అతన్ని ఒక్కరూ ఒక్క మాట అనలేదు. నాలుగు తిట్టి ఉంటే బాగుండేదని అతనికి చాలాసార్లు అనిపించింది.

దర్గాకు రాకముందు ఓబులేసు ఒక ప్రైవేటు కాలేజీలో ఫిజిక్సు లెక్చరరు. ఆరేళ్ళు పాఠాలు చెప్పీ చెప్పీ, ఒకరోజు బోర్డు ముందు నిలబడి ఏం చెబుతున్నాడో తనకే తెలియక, చాక్‌పీసు బల్లమీద పెట్టేసి వచ్చేశాడు. నేరుగా ఈ దర్గా చూసుకునే నబీరసూల్ బాబా దగ్గరికొచ్చి కూర్చున్నాడు. బాబా ఉండమనలేదు, పొమ్మననూ లేదు. బియ్యంలో రాళ్ళు ఏరమన్నాడు. అప్పటినుంచీ రెండేళ్ళుగా ఏరుతూనే ఉన్నాడు.

ఈ ఏడు ఉరుసుకు గేటు పని తనకిమ్మని అతనే అడిగాడు.

"చెంగమ్మ ఈసారి కూడా వస్తాదంట బాబా. ఎవరూ పడకూడదు. నేను చూసుకుంటా."

"మంచిది," అన్నాడు బాబా.

మంచిది అన్నారు కదా అని ఓబులేసు ఊరుకోలేదు. వంటింటి గోడమీద బొగ్గుతో లెక్క కట్టి మరీ చూపించాడు. పాఠం చెప్పి చాలా రోజులైందేమో, గొంతులోకి ఎక్కడలేని ఊపూ వచ్చింది.

"ఒక వాకిట్లోంచి నిమిషానికి ఇంతమంది అని దాటతా ఉంటారు కదా బాబా, దాన్ని మేము ఫ్లక్స్ అంటాం. నీళ్ళయినా అంతే, వెలుగైనా అంతే, మనుషులైనా అంతే. లోపలికొచ్చే దాంట్లోంచి బయటికి పోయేది తీసెయ్యండి. మిగిలిందే నిమిషనిమిషానికీ లోపల పెరిగే జనం. వచ్చేదానికంటే పోయేది ఎక్కువ ఉండేట్టు చూసుకుంటే చాలు. ఆవరణ ఎప్పటికీ నిండదు."

ఎనభై ఏళ్ళ బాబా చదివింది నాలుగో క్లాసు. గోడకు దగ్గరగా వచ్చి, కళ్ళు చిట్లించి, ఆ బొగ్గు గీతలన్నీ శ్రద్ధగా చూశాడు.

"ఇంతేనా?"

"ఇంతే బాబా."

"ఈ మాత్రం దానికి మిమ్మల్ని అన్నేళ్ళు కూర్చోబెట్టి చదివిస్తారా?" అని నవ్వాడు. ఓబులేసూ నవ్వాడు గానీ లోపల కాస్త చురుక్కుమంది. చూపిస్తా ఉండండి అనుకున్నాడు.

ఉరుసుకు అసలు జనం వచ్చేది రెండో రోజే. ఆ రోజు తెల్లారుతూనే పాతికమంది వాలంటీర్లను పోగేసి, పడమటి వాకిట్లోంచి నడిపించి, ఫోనులో టైము చూశాడు. పాతికమందీ అర నిమిషంలో బయటపడ్డారు. అంటే నిమిషానికి యాభై. గేటు దగ్గర నిమిషానికి నలభైమందిని మించి వదలకుంటే సరి. ఇక ఆవరణలో చాపేసుకుని పడుకోవచ్చు!

దాంతోపాటు ఇంకో మంచి పని కూడా చేశాడు. పోయినేటి దాకా జనం తూర్పు గేటు దగ్గర చెప్పులు విడిచి, పడమటి వాకిట్లోంచి బయటపడి, ఎండలో అరికాళ్ళు మాడుతుంటే గోడచుట్టూ తిరిగొచ్చి వేసుకునేవాళ్ళు. ముసలివాళ్ళ అవస్థ చూడలేం. ఈసారి ఓబులేసు షేక్షావలి ట్రాలీ ఆటోను పురమాయించాడు. విడిచిన చెప్పులు విడిచినట్టే గోనెసంచుల్లోకి ఎత్తి, ఆటోలో వేసి, తీసుకుపోయి పడమటి గడప ముందర కుమ్మరించాలి. దర్శనం చేసుకుని అడుగు బయటపెడితే చెప్పులు కాళ్ళదగ్గరే ఉంటాయి. ఈ సంగతి తెలిసి జనం మురిసిపోయారు. గేటులోకి వచ్చే ప్రతివాళ్ళూ ఓబులేసుకు ఓ సలామో దణ్ణమో పెట్టి లోపలికి పోతున్నారు. అతనూ ఆ గేటు వదిలి కదల్లేదు. నలభై దాటకుండా లెక్కపెట్టి వదులుతున్నాడు.

తొమ్మిదింటికి ఆవరణలో నూరుమంది ఉన్నారు. పదింటికి రెండొందలు దాటారు. పోనీలే, లోపల కూర్చుని దువా చేసుకుంటున్నారేమో అనుకున్నాడు. పదిన్నరకు మూడొందలు. అప్పుడు నలభైని ముప్పైకి దించాడు. జనం ఇంకా పెరిగారు. ముప్పైని ఇరవై చేశాడు. అయినా పెరిగారు.

యాభై పోతూ ఇరవై వస్తుంటే లోపల పెరగడమేమిటి? ఓబులేసు మనసులో మళ్ళీ లెక్క కట్టుకున్నాడు. లెక్కలో తప్పు లేదు. ఆరేళ్ళు పిల్లలకు చెప్పిన లెక్క. కాబట్టి తప్పు జనానిదే అయ్యుండాలి.

"లోపల కూర్చున్నోళ్ళను లేపండప్పా! దర్శనం అయినోళ్ళు కదలండి! ఊరికే కూర్చుంటే ఎట్లా?" అని గోడెక్కి అరిచాడు. వాలంటీర్లు ఆ మాటే అందుకుని అందరినీ లేపారు. లేచినవాళ్ళంతా ఒక్కసారిగా పడమటి దిక్కుకు మళ్ళారు.

గోడమీంచి ఓబులేసుకు కనబడింది తలలే. ఇటువైపు పలచగా, అటువైపు పోనుపోను చిక్కగా, వాకిలి దగ్గర సందే లేకుండా. ఆ తలల్లో ఎక్కడో చెంగమ్మ ఉంది. సమాధిమీద కప్పే పూల చాదర్ ఎడమచేత్తో ఎత్తిపట్టుకుని, పావుగంట కిందటే అతని ముందునుంచే లోపలికి పోయింది. ఇంతలో వాకిలి వైపునుంచి ఒక పసిబిడ్డ ఏడుపు, వెనకాలే ఆడవాళ్ళ అరుపులు.

దూకి వచ్చి గేటు మూసేశాడు. బయట ఉన్నవాళ్ళు ఏమైందేమైందని గేటుమీదికి ఒరిగారు. ఇనుప కమ్మీలు కిర్రుమన్నాయి. పోయినేడు ఒక్కరు పడ్డారు. ఈసారి ఎంతమంది పోతారో దేవుడా అనుకుంటూ, ఓబులేసు గేటును ఇద్దరు వాలంటీర్లకు అప్పగించి, బయట గోడవారన ఉన్న వంటింటికి పరుగెత్తాడు.

బాబా చాట ముందు పెట్టుకుని బియ్యం చెరుగుతున్నాడు.

"బాబా, లోపలోళ్ళు బయటికి పోవట్లేదు! మళ్ళీ తొక్కిడి అయ్యేట్టుంది. ఇరవై మందినే వదిలినా, అయినా..."

"పడమట ఏం జరగతా ఉంది?"

ఓబులేసుకు తెలియదు. పొద్దుటినుంచీ అటువైపు అడుగుపెట్టలేదు.

బాబా చాట పక్కన పెట్టి లేచాడు. లోపలికి పోలేదు. బయట సందులోంచే గోడచుట్టూ తిరిగి పడమటి దిక్కుకు నడిచాడు. ఎనభై ఏళ్ళ మనిషి, ఓబులేసు పరుగులాంటి నడక నడిస్తే గాని అందలేదు.

పడమటి వాకిలి ముందు మోకాలెత్తు చెప్పుల కుప్ప. గడపను ఆనుకునే ఉంది. ఒక పెద్దాయన ఒక చెప్పు చేత్తో పట్టుకుని రెండోదానికోసం కుప్పంతా కెలుకుతున్నాడు. ఇంకొకామె గడపమీదే కూర్చుని కూతురికి చెప్పు పట్టీ పెడుతోంది. అన్నీ ఒకే సంతలో కొన్నట్టున్న నీలం హవాయి చెప్పులు. నాది నాదని ఇద్దరు లాక్కుంటున్నారు. వాళ్ళ వెనక వాకిట్లో ఒకదానిమీద ఒకటిగా ముఖాలు. ఒక తల్లి బిడ్డను తలమీదికి ఎత్తి పట్టుకుంది. వెనకాలవాళ్ళు తోసేకొద్దీ ముందువాళ్ళు వాకిలి చెక్కలకు అతుక్కుపోతున్నారే గాని బయటికి రావడం లేదు. ఓబులేసు చూస్తుండగానే ఒక నిమిషం గడిచింది. బయటపడింది ఆరుగురు.

బాబా భుజంమీది తువ్వాలు తీసి నేలమీద పరిచాడు. వంగి రెండు చేతులా చెప్పులు ఎత్తి అందులో వేసుకున్నాడు. నాలుగు కొసలూ కలిపి, మూట భుజాన వేసుకుని, వీధి దాటి నడిచాడు. నలభై అడుగుల అవతల బడి గోడ నీడలో దాన్ని దులిపి, ఖాళీ తువ్వాలుతో మళ్ళీ వచ్చి వంగాడు.

"అయ్యో బాబా! చెప్పులు మీరు మోస్తారా?" అని చెప్పుకోసం కెలుకుతున్న పెద్దాయన గబుక్కున లేచాడు. గడపమీది ఆమె బిడ్డను చంకనేసుకుని లేచింది. నీలం చెప్పులకోసం పోట్లాడుకుంటున్నవాళ్ళు వాటిని వదిలేసి బాబా చేతిలో మూట లాక్కోబోయారు. అప్పుడే సంచులతో వచ్చిన షేక్షావలి ఆటో వదిలేసి ఉరికాడు. ఓబులేసు అప్పటికే తన చొక్కా విప్పి అందులోకి చెప్పులు తోస్తున్నాడు. చేతికందినవి చేతికందినట్టు అందరూ మోశారు. నాలుగు నిమిషాలకు గడప ముందర నేల కనబడింది.

వాకిట్లోంచి మొదట ముగ్గురు ఒక్కసారే వచ్చి పడబోయి నిలదొక్కుకున్నారు. తర్వాత ఇద్దరు. తర్వాత ఇద్దరిద్దరుగా వస్తూనే ఉన్నారు. ఎవరూ ఆగలేదు. ఆగడానికి అక్కడేమీ లేదు. తమ చెప్పులు వీధికి అవతల ఉన్నాయని తెలిసి ఎండకు గబగబా అడుగులేస్తూ అటే పోతున్నారు. లోపల అరుపులు సణుగుళ్ళయ్యాయి, సణుగుళ్ళు మాటలయ్యాయి.

చెంగమ్మ చాలాసేపటికి వచ్చింది. జుట్టు రేగిపోయింది, చీర కుచ్చిళ్ళు చెదిరాయి, రవిక చంకలో చినిగింది. కానీ తన కాళ్ళమీద తాను నడిచి వచ్చింది. గడప దాటి, ఓబులేసును చూసి ఆగబోయింది.

"ఆగొద్దమ్మా," అన్నాడు ఓబులేసు. మట్టి చేత్తోనే కళ్ళు తుడుచుకున్నాడు. "నీడలోకి పో. నీకు దణ్ణం పెడతా, ఆగొద్దు."

"పోతన్నాలే నాయనా, ఎందుకట్లా ఏడస్తావు?" అంటూ ఆమె వీధి దాటింది.

ఆవరణ సగం ఖాళీ అయ్యేదాకా గేటు తెరవలేదు. బాబా వంటింటికి పోయి మళ్ళీ చాట ముందు కూర్చున్నాడు. కాసేపటికి ఓబులేసు చొక్కా లేకుండా, మట్టి చేతులతో వచ్చి ఎదురుగా నిలబడ్డాడు. గోడమీద అతని బొగ్గు లెక్క అట్లాగే ఉంది. అటు చూడలేదు.

"గేటు పని ఇంకెవరికన్నా ఇవ్వండి బాబా."

"ఎందుకు?"

"పోయినేడు ఒకామె భుజం ఇరగ్గొట్టినా. ఈయేడు బిడ్డతల్లులను చంపబోయినా. చెప్పులు ఆడ పోయించింది నేనే. లోపలోళ్ళను లేపి తరమమన్నదీ నేనే."

బాబా బియ్యంలోంచి ఒక రాయి తీసి పక్కన పడేశాడు.

"నీ లెక్క తప్పా?"

ఓబులేసు ఆలోచించాడు. అబద్ధం చెప్పి తప్పించుకోవాలని లేదు.

"లెక్క తప్పు కాదు బాబా. వచ్చేది, పోయేది, మిగిలేది. అది నిజమే. యాభై అనేదే తప్పు. తెల్లారి పాతికమంది పోయినప్పుడు అది యాభై. కుప్ప పడినాక అది ఆరు. లోపల ఎంత కిక్కిరిస్తే అంత తగ్గతా వచ్చింది. నేను మాత్రం దాన్ని యాభై అనే రాసి పెట్టుకున్నా."

"ఊఁ," అన్నాడు బాబా. ఇంకో రాయి తీశాడు. "ఇప్పుడు గేటు బయట ఎంతమంది ఉన్నారు?"

"మూడొందలుంటారు. ఎండలో నిలబడినారు."

"వాళ్ళను వదలాల్నా వద్దా?"

"వదలాల బాబా. లేకుంటే గేటు మీద పడతారు."

"అయితే నిమిషానికి ఎంతమందిని వదలమంటావు?"

"నల..." అన్నాడు ఓబులేసు.

బాబా చాటలోంచి తల ఎత్తలేదు. బియ్యం జల్లుమని ఒకసారి పైకి లేచి చాటలో పడ్డాయి.

"ఉండండి బాబా, చూసొస్తా," అని ఓబులేసు పడమటి వాకిలికి పోయాడు.