రాజుగారి రెండో ప్రతి

ఒకానొక రాజ్యంలో, కేతకీపురం అనే పట్నంలో, పుస్తకాల పిచ్చి ఉన్నవాళ్లంతా చేరి ఒక సభ పెట్టుకున్నారు. దాని పేరు గ్రంథగోష్ఠి. మామూలు పండితులు పుస్తకం విప్పితే లోపలి పద్యం చూస్తారు. వీళ్లు ముందు తాటాకు చూసేవారు. ఎవరు రాశారు, ఏ ఊళ్లో రాశారు, ఎవరెవరి చేతులు మారి ఇక్కడికొచ్చింది, ఒక ప్రతికీ ఇంకో ప్రతికీ తేడా ఎక్కడొచ్చింది, ఇదే వాళ్ల లోకం. ఏ ఆకుకు ఎవరింటి దీపపు పొగ పట్టిందని కూడా వాదించుకునేవారు. పాపం, ఎవరికీ హాని చేసే మనుషులు కారు.

గోష్ఠికి పెద్ద ఓబుళావధాని. ఆయన దగ్గరే తిప్పన్న అనేవాడు అక్షరాలు దిద్దుకున్నాడు. ఇప్పుడు తిప్పన్న రాజుగారి కొలువులో మాటకారిగా పేరు తెచ్చుకున్నా, తీరిక దొరికితే చాలు, ఆ ముసలాళ్ల మధ్య చాప మీదే కనిపించేవాడు. వాళ్లంటే అతనికి ప్రాణం.

రాజు పేరు ప్రచండవర్మ. మంచివాడే, కానీ పొగడ్త అంటే చెవి కోసుకుంటాడు. ఒక ఏడు పొరుగురాజును గెలిచి, ఆ గెలుపు మీద తానే కావ్యం చెప్పాడు. ఆయన పచార్లు చేస్తూ చెప్పడం, లేఖకులు వంతులు వేసుకుని రాయడం. తయారయ్యేసరికి ఆ తాటాకుల కట్టను ఇద్దరు మోయవలసి వచ్చింది. మొదటి సర్గ మొత్తం బిరుదులే.

ఆ కట్టను గోష్ఠికి మోయించుకొచ్చి రాజు ఆజ్ఞాపించాడు.

"ఇంతవరకూ పుట్టిన కావ్యాలన్నిటిలోకీ ఇదే గొప్పదని మీ గోష్ఠి తీర్పు చెప్పాలి."

అవధాని కట్టను తడిమి చూసి చేతులు జోడించాడు.

"మహాప్రభూ, ఒక్క ప్రతే ఉన్న గ్రంథం గురించి మేం నోరు విప్పం. ఇంకెవరైనా దీన్ని చూసి రాసుకోవాలి. అప్పుడు రెంటినీ పక్కపక్కన పెట్టి తేడాలు చూస్తాం. పుస్తకం సంగతి అప్పుడు తెలుస్తుంది. ఇది మా తాతల నాటి పద్ధతి."

"రాజు మాటలో తేడాలేమిటయ్యా!" ప్రచండవర్మ ముఖం జేవురించింది. "వచ్చే పౌర్ణమికి తీర్పు వినిపించండి. లేదంటే ఈ ఆకులన్నీ వీధిలో పోయించి, ఈ చావడిలో గుర్రపు జీనులు పెట్టిస్తాను."

రాజు వెళ్లిపోయాడు. తిప్పన్న అవధాని పక్కకు జరిగాడు.

"గురువుగారూ, ఒక్కసారికి గొప్పదని అనేస్తే పోలా?"

"అనేయొచ్చురా. చావడి దక్కుతుంది. రేపు నేను ఏ పుస్తకం గురించి ఏం చెప్పినా ఎవరు నమ్ముతారు? ఎవరూ నమ్మని గోష్ఠికి చావడి ఎందుకు?"

తిప్పన్న ఆ పెద్దాయన ముఖం చూస్తూ కూర్చోలేక లేచి వచ్చేశాడు.

మర్నాడు కొలువులో రాజు పక్కకు చేరాడు.

"ఏలికా, రెండో ప్రతి ఉంటే ఆ ముసలాళ్లకు ఇక సాకు ఉండదు."

"ఎవరక్కడ, లేఖకుల్ని పిలవండి!"

"పిలిపించండి ప్రభూ. కానీ వాళ్లకేం తెలుసు దీని విలువ? మొదటి ప్రతిలోనే తమ బిరుదు ఒకటి వదిలేసినట్టున్నారు."

రాజు ఉలిక్కిపడ్డాడు. "ఏ బిరుదు?"

"అదే తెలియడం లేదు. మిగిలినవి చాలా ఉన్నాయి."

"మరి ఎవరు రాయాలంటావు?"

"ఈ కావ్యం లోతు తెలిసినవాడు భూప్రపంచంలో ఒక్కడే ఉన్నాడు," అని తిప్పన్న వినయంగా తల వంచాడు. "రాసినవారి పేరు మాత్రం గోష్ఠికి చెప్పకూడదు. మొహమాటపడకుండా చూడాలని వాళ్ల నియమం."

రాజు మీసం దువ్వుకున్నాడు. "చెప్పకు. ఆ రాత చూసి ముక్కున వేలేసుకోనీ."

అలా ప్రచండవర్మ గంటం చేతబట్టాడు. ఇనప ములికితో తాటాకు మీద అక్షరం చెక్కడం ఆయనకు అదే మొదలు. నోటితో చెప్పేటప్పుడు బిరుదుకు బరువుండదు. చెక్కేటప్పుడు ప్రతి అక్షరానికీ బొటనవేలు జవాబు చెప్పుకోవాలి. తనూ ఒకప్పుడు వేళ్లు బొబ్బలెక్కించుకున్నవాడు కాబట్టి తిప్పన్నకు ఆ సంగతి బాగా తెలుసు.

పొద్దెక్కేసరికి రాజు, "ఈ రెండు బిరుదులూ ఒకటేగా," అని ఒకటి వదిలేశాడు. భోజనం చేసి వచ్చి, "ఈ వరసంతా ఎవడు చదువుతాడు?" అని వరసే ఎత్తేశాడు. మర్నాడు శత్రురాజు గజగజ వణికిన సర్గను ఒక్క పద్యంలో తేల్చేశాడు. తిప్పన్న పక్కన కూర్చుని రాజుగారి వేలికి నూనె రాస్తూ నోరు మూసుకున్నాడు. నోరు మూసుకోవడం అంత కష్టమని అతనికి అప్పుడే తెలిసింది.

తన పట్టపుటేనుగు గురించిన ఆకు దగ్గర మాత్రం రాజు దేన్నీ తీసేయలేదు. తిప్పన్నను బయటికి పొమ్మన్నాడు.

పని అయ్యాక చూసుకుంటే కట్ట ఒక్క చేతిలో ఇమిడింది.

"మరీ చిక్కిపోయిందేం తిప్పన్నా?"

"తమ దస్తూరి పొందిక అలాంటిది ప్రభూ."

"పోనీలే. చూపు ఆనని ముసలాళ్లు. ఏం కనిపెడతారు?"

పౌర్ణమి వచ్చింది. రాజు, మంత్రులు గోష్ఠి చావడిలో కొలువుదీరారు. అవధాని రెండు ప్రతులూ ముందు పెట్టుకుని లేచాడు. తిప్పన్న ప్రాణాలు గుప్పిట్లో పెట్టుకుని స్తంభం పక్కన నిలబడ్డాడు.

"మహారాజా, పెద్ద ప్రతి తమరు చెప్పినది. దాని గురించి మేమేమీ అనం. ఈ చిన్న ప్రతి రాసినవాడెవరో మాకు తెలియదు. వాడి గురించి చెబుతాం. చేయి తిరగనివాడు, గీతలు వంకర. కానీ ఎంత వివేకం! సర్గ నిండా ఉన్న బిరుదులు తీసేసి, 'రాజు' అన్న ఒక్క మాట ఉంచాడు."

"బిరుదులు తీసేశాడా? ఎవడు వాడు!" అని రాజు అలవాటుకొద్దీ గర్జించాడు. గర్జించాక గుర్తొచ్చి, మెల్లగా వెనక్కి కూర్చున్నాడు.

"తీసేసి మేలు చేశాడు ప్రభూ. కానీ పట్టపుటేనుగు భద్రుడు, ఏరు పొంగుతుంటే భటులందర్నీ ఒడ్డుకు చేర్చి, బురదలో మోకరిల్లి మళ్లీ లేవలేదన్న చోట ఒక్క అక్షరం వదల్లేదు. అక్కడ గంటం ఆకు అవతలికి దిగిపోయింది. వాడు ఏడుస్తూ రాశాడు. మేమూ ఏడుస్తూ చదివాం. ఇన్నేళ్లుగా ఎన్నో ప్రతులు చూశాను. రాసినవాడి చేయి ఒకసారి పట్టుకోవాలనిపించింది దీనికే. వాడెవరో చెప్పించండి."

రాజు ఇరకాటంలో పడ్డాడు. పెద్ద ప్రతిని తక్కువ చేశారని కోప్పడితే చిన్న ప్రతికి వచ్చిన మెప్పు పోతుంది. ఆ మెప్పు కావాలంటే, బిరుదులు తీసేసింది తానేనని ఒప్పుకోవాలి. రాజు కళ్లు తిప్పన్న మీద పడ్డాయి.

"ఒరే తిప్పన్నా! నా బిరుదులు నాచేతే కత్తిరింపించావు కదరా!"

"క్షమించాలి ఏలికా. తమ బిరుదులు కత్తిరించే ధైర్యం ఈ రాజ్యంలో తమకు తప్ప ఇంకెవరికుంది?"

రాజుకు ముందు మీసాలు కదిలాయి, తర్వాత భుజాలు కదిలాయి, ఆ తర్వాత చావడి దద్దరిల్లేలా నవ్వాడు. నవ్వుతూనే, కళ్లు తుడుచుకుంటూనే దిగివచ్చి, తన చేయి అవధాని చేతిలో పెట్టాడు. బొటనవేలి మీద కాయ తగిలి ముసలాయన తెల్లబోయాడు. చాలాసేపు ఆ చేయి వదల్లేదు.

రాజు మెడలోని ముత్యాల హారం తీసి తిప్పన్న మెడలో వేశాడు. చావడిని గోష్ఠికి శాశ్వతంగా రాసిచ్చాడు. వెళ్తూ వెళ్తూ ఆస్థాన కవుల వైపు తిరిగి ఇంకో ఆజ్ఞ వేశాడు. ఇకమీదట తనను పొగుడుతూ ఎవరు కావ్యం చెప్పినా, రెండో ప్రతి కూడా సొంత చేత్తో రాసి తేవాలి.

ఆనాటి నుంచి కేతకీపురంలో ఏ పొగడ్తా తాటాకులో సగానికి మించలేదట.