తాళం వేసిన గుడిసె

ఇంతకుముందు నేనేదీ రాసి ఎరగను, పిల్లలకు నోటితో చెప్పినట్టే రాస్తున్నాను.

ఉత్తరాన మంచు అడవిలో, ఎవరినీ నమ్మని జఖార్ అనే వేటగాడు ఒంటరిగా ఉండేవాడు. ఉచ్చులు పన్ని నక్కల్ని పట్టి, తోళ్లు అమ్ముకుని బతికేవాడు.

ఆ అడవిలో ఒక కట్టుబాటు ఉండేది. బయటికి పోయేటప్పుడు ఎవరూ గుడిసెకు తాళం వేయరు. పొయ్యి దగ్గర ఎండుపుల్లలు, అగ్గిపెట్టె ఉంచి మరీ వెళ్తారు. చలికి చిక్కినవాడు ఎవరి గుడిసెలోనైనా దూరి ప్రాణం నిలుపుకోవచ్చు. జఖార్ మాత్రం సంతలో ఇంత లావు తాళం కొని తెచ్చి తలుపుకు బిగించాడు. వాగు అవతల ఉండే ముసలి వేటగాడు తిమోఫే అది చూసి నవ్వాడు.

"ఏం అబ్బాయ్, ఎలుగుబంట్లు దొంగతనం నేర్చాయా?"

"ఎలుగులతో భయం లేదు మామా, రెండు కాళ్లవాళ్లతోనే" అన్నాడు జఖార్.

ఒకరోజు ఒళ్లు కోసే చలిగాలి వీస్తోంది. జఖార్ ఉచ్చులు చూసుకుంటూ పోతే, చివరి ఉచ్చు ఖాళీగా ఉంది. మంచు మీద నెత్తురు, నక్క వెంట్రుకలు, పక్కనే మనిషి అడుగులు. ఒక కాలు ఈడ్చిన జాడ. ఆ చుట్టుపక్కల కుంటుతూ నడిచేది తిమోఫే ఒక్కడే. జఖార్‌కి ఒళ్లు మండిపోయింది. ముసలాణ్ణి ఎలా కడిగెయ్యాలో మాటలు కూర్చుకుంటూ జాడ వెంట నడిచాడు.

జాడ వాగు వైపు తిరగలేదు. తిన్నగా తన గుడిసెకే వచ్చింది.

తలుపుకు చేరగిలబడి తిమోఫే కూర్చుని ఉన్నాడు. ఒళ్లో నక్క. చేతివేళ్లు కొయ్యముక్కల్లా తెల్లగా బిగుసుకుపోయాయి.

"నీ నక్కను కాకులు పొడుస్తున్నాయోయ్, తోలు పాడైపోతుందని తెచ్చాను. నీ పొయ్యి దగ్గర చేతులు కాచుకుని పోదామనుకున్నా. తాళం సంగతి మరిచేపోయాను, మళ్లీ వాగు దాటే ఓపిక లేకపోయింది" అన్నాడు, మాట తడబడుతూ.

జఖార్ గబగబా తాళం తీసి, ముసలాయన్ను లోపలికి మోసుకెళ్లి నిప్పు రాజేశాడు. కాసేపటికి తలెత్తకుండానే, "నువ్వు దొంగిలించావనుకుంటూ వచ్చాను మామా" అన్నాడు.

"నీ మొహం చూసినప్పుడే తెలిసిందిలే. ఇంకో కట్టె వెయ్యి" అన్నాడు తిమోఫే.

ముసలాయనకు ప్రాణం దక్కింది. కుడిచేతి వేళ్లు మాత్రం చచ్చుబడిపోయాయి. ఇక ఆ చెయ్యి ఉచ్చు పన్నలేదు.

మర్నాడు పొద్దున్నే జఖార్ తన ఉచ్చుల వైపు వెళ్లలేదు. సిగ్గుతో తలవంచుకుని వాగు దాటాడు. తిమోఫే ఉచ్చులన్నీ తిరిగి చూసి, పడినవాటిని తెచ్చి, గుడిసెలో పడుకున్న ఆయన ముందు పెట్టి, ఖాళీ ఉచ్చులను మళ్లీ పన్నడానికి వెళ్లాడు.

అందరినీ దొంగలనుకుని తలుపు మూసుకుంటే, మన మేలు కోరి వచ్చినవాడే ముందుగా బయట ఉండిపోతాడు.