చేటడు తవుడు

ఇటు తిరుగు తల్లీ. మూతి అంత బిగించుకుంటే నిద్దరెలా పడుతుంది? బళ్ళో ఏం జరిగిందో మీ అమ్మ చెప్పిందిలే. తవిటశ్రీ అని పిలవగానే పిల్లలు పకపకా నవ్వారట. పేరు మార్పించమని నువ్వు పేచీ పెట్టావట. సరే, మారుద్దాం. పేరు నీది, ఇష్టమూ నీదే. కానీ ముందు ఈ కథ విను. ఆ తర్వాత ఏం చెయ్యాలో నువ్వే చెప్పు.

అనగనగా నాగావళి ఏటి పక్కన ఒక ఊరు. ఆ ఊళ్ళో పైడితల్లి అని ఒకామె. ఆమెకి ఒక బిడ్డ పుట్టింది, నిలవలేదు. ఆ తర్వాత ఇంకో బిడ్డ పుట్టాడు, వాడూ నిలవలేదు. ఆ తర్వాత మూడో కాన్పులో ఆడపిల్ల పుట్టింది. పైడితల్లి ఆ పిల్లని ఒళ్ళోంచి దించేది కాదు. తిండి లేదు, నిద్ర లేదు, అస్తమానం పిల్ల ముక్కు దగ్గర వేలు పెట్టి ఊపిరి చూసుకునేది.

అప్పుడు మంత్రసాని వచ్చి కసిరింది. "ఇలగ కూకుంటే ఏటవుద్దే? గుంటని తవుడుకి అమ్మెయ్. చావొచ్చి గుమ్మంలో నిలబడితే, నా బిడ్డ కాదు, తవుడుకి అమ్ముడైపోయిందని చెప్పు. తవుడు పాటి చెయ్యని దాన్ని చావు మాత్రం ఏటి చేసుకుంటాది?"

నవ్వకు. మా పక్క అప్పట్లో అది ఆనవాయితీ. బిడ్డలు నిలవని ఇంట్లో మళ్ళీ బిడ్డ పుడితే, ఇరుగుపొరుగు ఎవరో చేటడు తవుడిచ్చి కొనుక్కునేవారు. కొన్నాక, "ఇది నా బిడ్డ, నువ్వు పెంచిపెట్టు" అని కన్నతల్లి చేతికే ఇచ్చేవారు. అలా కొన్న మగపిల్లాడు తవిటయ్య, ఆడపిల్ల తవిటమ్మ.

అప్పుడు పైడితల్లి బిడ్డని చంకనేసుకుని బయల్దేరింది. ముందు పెద్ద రైతు ఇంటికి వెళ్ళింది. ఆ ఏడు వానలు లేవు. ఆ ఇంటి ఇల్లాలు, "మా ఆవులకే తవుడు చాలట్లేదమ్మా" అంది. ఇంట్లో గాదె నిండా వడ్లున్నాయి, మనసే కరువు.

ఆ తర్వాత కోమటి కొట్టుకి వెళ్ళింది. అక్కడ తవుడుంది గానీ ధైర్యం లేదు. "కొన్నాక దీనికేమైనా అయితే ఆ పాపం మా గుమ్మానికి చుట్టుకుంటుంది" అన్నారు వాళ్ళు. మాట ఎంత మెత్తగా అన్నా గుచ్చుకునేది గుచ్చుకుంటుంది. పైడితల్లి ఏడుస్తూ ఇంటిదారి పట్టింది.

దారిలో ఊరి చివర దాలమ్మ ఇల్లు. దాలమ్మకి ముందూ వెనకా ఎవరూ లేరు. ఇంటింటికీ వెళ్ళి వడ్లు దంచి పెట్టేది. దంచినందుకు కూలిగా తవుడో, నూకలో ఇచ్చేవారు. పైడితల్లి ఏడుపు విని గుమ్మంలోకొచ్చింది.

"ఏటే, ఎందుకేడుస్తున్నావు?"

"నా గుంటని ఎవులూ కొనట్లేదప్పా."

దాలమ్మ ఇంకో మాట అడగలేదు. లోపలికి వెళ్ళింది. కుండ బోర్లించిన చప్పుడైంది. చేట నిండా తవుడు తెచ్చి పైడితల్లి ముందు పెట్టి, బిడ్డని రెండు చేతులా అందుకుంది. నుదుట ముద్దు పెట్టుకుంది. "ఇది నా కూతురు తవిటమ్మ. నా కోసం జాగ్రత్తగా పెంచు" అని మళ్ళీ తల్లి చేతిలో పెట్టింది.

బిడ్డ వెల ఇంట్లో దాచుకోకూడదట. అందుకని పైడితల్లి ఇంటికెళ్ళగానే ఆ తవుడంతా కుడితిలో కలిపి గేదెకి పెట్టేసింది.

పిల్ల నిలిచింది! చావు వచ్చి చూసి వెనక్కి పోయిందో, అసలు రానే లేదో నాకు తెలీదు గానీ, పిల్ల మాత్రం గుమ్మడిపండులా పెరిగింది. పెరిగిన పిల్లకి నోరూ పెరుగుతుంది, రోషమూ పెరుగుతుంది.

మొదట బళ్ళో పంతులు నవ్వాడు. ఆ తర్వాత ఏట్లో స్నానాల దగ్గర ఆడపిల్లలు, "తవిటమ్మొచ్చింది, గేదెని కట్టెయ్యండే!" అన్నారు. ఆ తర్వాత కోలాటం ఆడుతుంటే జట్టులో పిల్ల, "చేటడు తవుడుకి అమ్ముడైపోయిన దానివి, నా ఎదురుగా నిలబడతావేటి?" అంది. అంతే! తవిటమ్మ కోలలు విసిరికొట్టి ఇంటికొచ్చి పడింది.

"అమ్మా, నాకీ పేరొద్దు. రత్నమాల అని పెట్టు."

పైడితల్లికి, ఎదిగిన పిల్లే అయినా ఆ పేరు తీసేస్తే ఏమవుతుందోనని భయం. పిల్ల పట్టు విడవలేదు. చివరికి, "పేరు వదిలించుకోవాలంటే తవుడు తిరిగిచ్చెయ్యాల. కొన్న తల్లి పుచ్చుకోవాల. ఎల్లి అడుగు" అంది.

అప్పుడు తవిటమ్మ గోతంలోంచి చేటడు తవుడు తీసి నెత్తిన పెట్టుకుని దాలమ్మ ఇంటికి వెళ్ళింది. దాలమ్మ పెద్దదైపోయింది. గుమ్మంలో కూచుని మేకని నిమురుతోంది. తవిటమ్మ చేట తెచ్చి ఆమె ముందు ఠపీమని పెట్టింది.

"ఇదిగో నీ తవుడు. నా పేరు తీసెయ్."

దాలమ్మ కోప్పడలేదు. తవుడు కాస్త వేళ్ళతో తీసి వాసన చూసింది. "మంచి తవుడే. ఆ ఏడు ఇలాటిది దొరికుంటే రొట్టి బాగా వచ్చేది" అంది.

"తవుడుతో రొట్టేటి? గేదెలు కదా తినేది?"

"ఆ ఏడు మనుషులే తిన్నారే. ఉన్నోళ్ళు గాదెల్లోంచి వడ్లు తియ్యలేదు, ఇంక దంచడానికి నన్నెవరు పిలుస్తారు? కుండలో ఆఖర్న మిగిలిన తవుడది."

తవిటమ్మ రోషం కొంచెం తగ్గింది. "మరి నా కోసం ఇచ్చేశాక నువ్వేం తిన్నావు?"

"ఆకులూ, దుంపలూ. దొరకని పూట మంచినీళ్ళు. పొద్దున్నే మీ దొడ్డి గోడ దగ్గరకొచ్చి నిలబడేదాన్ని. నువ్వేడుస్తున్నావా లేదా అని చెవి పెట్టేదాన్ని. గట్టిగా ఏడ్చేదానివి. నా కూతురు బతికుంది అనుకునేదాన్ని. ఆ పూటకి కడుపు నిండిపోయేది."

తవిటమ్మ చేటలోకి చూసింది. ఊళ్ళో అందరూ చేటడే అన్నారు గానీ, ఆ చేటలో ఏముందో ఎవరూ చెప్పలేదు మరి.

దాలమ్మ చేట దగ్గరకి లాక్కుంది. "ఇది నా కుండలో పోసుకుంటే నీ పేరు పోయినట్టే. పుచ్చుకోమంటావా?"

తవిటమ్మ ఆమె చేయి గట్టిగా పట్టేసుకుంది. "వద్దమ్మా!" అంది. అమ్మా అనడం అదే మొదలు. ఆ తర్వాత కళ్ళు తుడుచుకుని, "ఈ తవుడు నీకు కాదు, మేకకి. అమ్మకి ఏ కూతురైనా తవుడు పెడుతుందేటి? ఉండు, బియ్యం తెస్తాను" అని ఇంటికి పరుగెత్తింది.

మర్నాడు కోలాటంలో మళ్ళీ ఆ పిల్లే మొదలెట్టింది. "చేటడు తవుడే నీ ధర!" అంది. తవిటమ్మ నడుం మీద చెయ్యి వేసుకుని నిలబడింది. "అవును. మా అమ్మ ఇంట్లో ఉన్న తిండంతా ఇచ్చి నన్ను కొనుక్కుంది. నీ కోసం ఎవరైనా అంత ఇచ్చారా?" అంది. ఆ పిల్ల కోల కిందపడింది. ఆట మాత్రం ఆగలేదు.

ఆ తవిటమ్మే మా అమ్మ. అందుకే నాకు ఇద్దరు అమ్మమ్మలు, ఒకరు కన్న అమ్మమ్మ, ఒకరు కొన్న అమ్మమ్మ. కొన్న అమ్మమ్మ చేత్తో నేనూ గోరుముద్దలు తిన్నాను. నువ్వు పుట్టినప్పుడు మీ నాన్న వద్దంటున్నా మీ అమ్మ పట్టుబట్టి మరీ వాళ్ళ అమ్మమ్మ పేరు పెట్టింది. చివర శ్రీ మాత్రం మీ నాన్న ముచ్చట.

ఇప్పుడు చెప్పు, పేరు మార్చేద్దామా? ఏమిటీ, తల అడ్డంగా ఊపుతున్నావు? మరి రేపు బళ్ళో నీ పేరేంటని అడిగితే ఏం చెప్తావు? గొణక్కు, నాకు చెవుడు. ఇంకొంచెం గట్టిగా. ఆఁ, అదీ! వీధి చివర దాకా వినబడింది. మా దాలమ్మమ్మ ఎక్కడున్నా ఆవిడ కడుపు నిండిపోయుంటుంది. ఇంక పడుకో.

తవుడేమో మేకకి,
బియ్యమేమో అమ్మకి,
పేరేమో పాపకి,
కథేమో కంచికి,
మనమేమో నిద్దరకి.