రోట్లో చెయ్యి

అంపోఫోకి బంతి అందించడం రాదని ఎవరైనా అంటే కుమాసీ ఊరు ఊరంతా నవ్వేది. ఘనా దేశంలో అంతటి ఫుట్‌బాల్ మిడ్‌ఫీల్డర్ ఇంకొకడు లేడనేవాళ్లు. అలాంటివాడు ఆ ఏడాది పొడుగునా ఒక్క మనిషికి మాత్రం బంతి ఇవ్వలేదు. ఇవ్వలేక కాదు, ఇవ్వనని ఒట్టు పెట్టుకుని మరీ ఇవ్వలేదు.

ఆ మనిషి అవతలి జట్టువాడైతే గొడవే లేదు. తన జట్టువాడే. పేరు ఎబో.

మిడ్‌ఫీల్డరంటే మైదానం నడుమ నిలబడి, వెనకవాళ్ల దగ్గర బంతి తీసుకుని ముందువాళ్లకు అందించేవాడు. గోల్ కొట్టినవాణ్ని జనం భుజాలమీద ఊరేగిస్తారు. అందించినవాడు చెమట తుడుచుకుని మళ్లీ తన చోటికి నడిచిపోతాడు. అంపోఫోకి అది ఏనాడూ లోటుగా తోచలేదు. లారీల స్టాండు వెనకున్న ఎర్రమట్టి మైదానంలో ఒట్టికాళ్లతో నేర్చుకున్న ఆ విద్యే అతన్ని రాజధాని అక్రాకి తీసుకుపోయింది. అక్కణ్నుంచి డెన్మార్క్‌కి పోయాడు, మంచులో కాలివేళ్లు కొయ్యబారుతుంటే పళ్లు బిగబట్టి ఆడాడు. తర్వాత టర్కీ. అక్కడ టీకొట్టు వాళ్లు కూడా అతని పేరు సరిగ్గా పలకడం నేర్చుకున్నారు. దేశం జట్టులో చోటు దొరికింది. ప్రపంచకప్‌కి వెళ్లేవాళ్లలో అతని పేరు అందరికంటే ముందు చదివారు.

విమానం ఎక్కబోయేముందు, తమలో తాము ఆడుకునే ప్రాక్టీసు ఆటలో, ఎబో బంతి కోసం నేలమీద జారుకుంటూ వచ్చాడు. రావడం ఆలస్యమైంది. బంతి వెళ్లిపోయింది, అంపోఫో కాలు మాత్రం అక్కడే ఉంది. ఎముక విరిగిన చప్పుడు గట్టుమీద కూర్చున్నవాళ్లకి కూడా వినిపించింది.

ప్రపంచకప్‌ని అంపోఫో ఆసుపత్రి మంచంమీద పడుకుని టీవీలో చూశాడు. ఎబో చూడ్డానికి వచ్చాడు. మంచం కాళ్ల దగ్గర నిలబడి, వణికిపోతూ, "కావాలని చెయ్యలేదన్నా" అన్నాడు. అంపోఫో చేతికందిన నీళ్లసీసా తీసి వాడి మొహం మీదికి విసిరాడు.

"పోరా! మళ్లీ నీ మొహం నాకు చూపించకు!"

చూపించకుండా ఎలా కుదురుతుంది? దేవుడికి వేళాకోళం ఎక్కువ. కాలు అతుక్కుంది గానీ, టర్కీ క్లబ్బు అతన్ని వద్దంది. మోకాలి కింద స్టీలు ప్లేటుతో అంపోఫో సొంతూరి జట్టుకే తిరిగొచ్చాడు. వచ్చి చూస్తే, అక్కడ గోల్ కొట్టాల్సిన చోట ఎవడున్నాడు? ఎబో!

ఇక చూడండి ఆ ఆట. ఎబో ఖాళీగా నిలబడి చెయ్యెత్తి బంతి అడిగేవాడు. అంపోఫో చూసేవాడు. చూసి, అవతలివైపుకి కొట్టేవాడు. కొన్నాళ్లకి ఎబో చెయ్యెత్తడమే మానేశాడు. జట్టు ఓడుతూ వచ్చింది. జనం ఎబోనే తిట్టారు, గోలు కొట్టలేనివాడు స్ట్రైకరేమిట్రా, పోయి చేపలు పట్టుకో అని. ఎబోది సముద్రం ఒడ్డు ఊరులెండి. ఆ తిట్లు వింటుంటే అంపోఫోకి కడుపు చల్లగా ఉండేది. పాడు చలవ అది! నన్నడిగితే అలాగే అంటాను.

చివరికి కోచ్ సార్పాంగ్ అతన్ని పిలిచి కుండ బద్దలుకొట్టాడు.

"రేపు ఆదివారం ఆఖరి మ్యాచ్. ఓడామా, కింది డివిజన్‌కి పడిపోతాం. మొదటి సగంలోపు ఎబోకి నీ కాలినుంచి బంతి వెళ్లాలి. వెళ్లకపోతే నిన్ను బయటికి లాగేస్తాను. ఆ తర్వాత ఈ చొక్కా నువ్వింక వేసుకోవు."

"కాలు విరగ్గొట్టినవాడికి సేవ చెయ్యమంటావా?"

"బంతి ఇమ్మంటున్నాను."

అంపోఫోకి ఒళ్లు మండిపోయింది. ఈ వయసులో ఈ చొక్కా విప్పితే ఇంకో జట్టు పిలిచేది లేదు. ఆట ఆగిపోతుంది. తన కాలు విరగ్గొట్టినవాడు ఆడుతూ ఉంటాడు, తను గట్టుమీద కూర్చుంటాడు! ఇదెక్కడి న్యాయం? కారాలూ మిరియాలూ నూరుకుంటూ అతను తిన్నగా నానా టబీ ఇంటికి పోయాడు.

ఘనాలో తాతనైనా ఊరి పెద్దనైనా నానా అంటారు. టబీ అంపోఫోకి తాత కాదు, గురువు. ఎర్రమట్టి మైదానం ఆయనదే. ఎందరినో తయారుచేశాడు, ఒక్కరికీ పాఠం చెప్పిన పాపాన పోలేదు. తప్పు ఆడితే చెప్పు తీసి విసిరేవాడు, బాగా ఆడితే ఆ చెప్పు తెచ్చిపెట్టమనేవాడు. గురువంటే శాంతమూర్తి అనుకునేవాళ్లు ఆయన్ని చూడలేదన్నమాట. కోచ్ సార్పాంగ్ కూడా ఆయన చెప్పుదెబ్బలు తిన్నవాడే. ఇప్పటికీ ఆయన మాట జవదాటడు. అంపోఫో ధైర్యం అదే.

మిట్టమధ్యాహ్నం. నానా వాకిట్లో పీటమీద కూర్చుని, ఉడికిన కర్రపెండలం ముక్కలూ అరటికాయ ముక్కలూ గిన్నెలోంచి రోట్లోకి వేస్తున్నాడు. లోపల పొయ్యిమీద వేరుశనగ వేసిన కోడిపులుసు ఉడుకుతోంది.

"నానా, మీరు సార్పాంగ్‌కి ఒక్క ఫోన్ చెయ్యాలి" అన్నాడు అంపోఫో, దణ్ణమూ దస్కమూ లేకుండా. "జట్టులో వాడో నేనో తేల్చమనండి. మీరు చెబితే ఎబోని తీసేస్తాడు."

"తిన్నావా?"

"నేనడిగేదేమిటి, మీరు చెప్పేదేమిటి!"

"తిన్నావా అని."

"ఆకలి లేదు."

"నాకుంది. రోకలి తే."

నానా గడప తొక్కిన శిష్యుడు, ప్రపంచమంతా తిరిగొచ్చినవాడైనా సరే, ముందు రోకలి పట్టాలి. అది ఆ ఇంటి రివాజు. అంపోఫో పళ్లు పటపటా కొరుకుతూనే గోడకి ఆనించిన రోకలి తీసుకున్నాడు.

ఫుఫూ అంటారు ఆ తిండిని. మన సంకటిముద్దలాంటిదే, కాకపోతే ఇంకా మెత్తగా సాగుతుంది. ఆ మెత్తదనం ఊరికే రాదు. మనిషికంటే పొడుగున్న రోకలితో ఒకరు నిలబడి దంచుతారు. ఇంకొకరు రోలు పక్కన కూర్చుని, రోకలి పైకి లేచినప్పుడల్లా తడిచెయ్యి లోపలికి పెట్టి ముద్దని తిప్పి మడుస్తారు. రోకలి దిగేలోపు చెయ్యి తీసేయాలి. రోట్లో తలపెట్టి రోకటిపోటుకి వెరవకూడదని మనవాళ్లు మాటవరసకి అంటారు. వాళ్లు మాత్రం రోజూ అన్నం వేళకి రోట్లో చెయ్యి పెడతారు. దరువు వేసేది కూర్చున్నవాడి చెయ్యే. దంచేవాడు దానికి లోబడి దంచాలి, తన తొందర చూపకూడదు.

నానా చెయ్యి ముంచి, తీశాడు. రోకలి పడింది. చెయ్యి, రోకలి. చెయ్యి, రోకలి. చిన్నప్పట్నుంచీ అలవాటైన దరువు. కాసేపు సాఫీగానే సాగింది.

కానీ అంపోఫో నోరు ఊరుకుంటేనా?

"అందరూ వాడి పక్షమే. పాపం ఎబో, పాపం ఎబో! నా కాలు గురించి ఒక్కడైనా పాపం అన్నాడా?"

నానా ముద్ద తిప్పాడు.

"పొద్దున్నే లేస్తే ప్లేటు సలుపుతుంది నానా. మెట్లు దిగాలంటే గోడ పట్టుకోవాలి. వాడు హాయిగా పరుగెడుతున్నాడు."

నానా ముద్ద తిప్పాడు.

"వాడు పోగొట్టింది నా ఒక్క కాలా? ప్రపంచకప్ పోగొట్టాడు. మా అమ్మ నన్ను ఆ చొక్కాలో చూద్దామని కొత్త బట్టలు కుట్టించుకుంది, తెలుసా మీకు?"

"మెల్లగా" అన్నాడు నానా.

అంపోఫోకి వినిపించలేదు. రోకలి బరువు ఎక్కింది, దెబ్బకి దెబ్బకి మధ్య ఎడం తగ్గింది. అతని కళ్లముందు రోలు లేదు, ఆసుపత్రి మంచం ఉంది, దాని కాళ్ల దగ్గర వణుకుతూ నిలబడ్డ ఎబో ఉన్నాడు.

"పైగా వచ్చి ఏమంటాడు వాడు? కావాలని చెయ్యలేదట! కావాలని..."

రోకలి దిగింది. చెయ్యి ఇంకా లోపలే ఉంది.

నానా అరిచిన అరుపుకి గోడమీది కోడి ఎగిరిపోయింది. ఆయన చెయ్యి పైకి లాగి, పొట్టకి అదుముకుని, ముందుకీ వెనక్కీ ఊగిపోయాడు. చర్మం చిట్లలేదు గానీ చూపుడువేలు గోరు కింద నల్లగా కమిలిపోయింది. చూస్తుండగానే వేలు ఉబ్బింది.

అంపోఫో మొహాన కత్తివేటుకి నెత్తురుచుక్క లేదు. రోకలి చేతిలోంచి జారింది. అలాగే మోకాళ్లమీద కూలబడ్డాడు.

"నానా! అయ్యో నానా! కావాలని చెయ్యలేదు నానా!"

ఆ మాట ఎవరు అన్నారో అన్నట్టు అతను ఒక్కసారి ఆగిపోయాడు.

నానా తిట్టాడు. మామూలుగానా? అంపోఫో వంశంలో ఏడు తరాలవాళ్లని పేరుపేరునా లేపి మరీ తిట్టాడు. గుడ్డివెధవా అన్నాడు, చెవిటివెధవా అన్నాడు. ఆ రోకలి నీ నెత్తిన పడ అన్నాడు. నొప్పెట్టిందయ్యా మనిషికి, తిట్టడా మరి!

తిట్టి తిట్టి ఊపిరాడక ఆగాడు. బిందెలో నీళ్లతో చెయ్యి కడుక్కున్నాడు. మళ్లీ వచ్చి పీటమీద కూర్చున్నాడు. వేలు తడిచేసుకుని, కమిలిన ఆ చెయ్యే మళ్లీ రోట్లో పెట్టి ముద్ద తిప్పాడు.

"దంచు."

అంపోఫో కదల్లేదు.

"డాక్టరు దగ్గరికి పోదాం నానా."

"తిన్నాక పోదాం. దంచు."

"పోనీ ఎడంచెయ్యి పెట్టండి."

"ఎడంచేత్తో తిండి ముట్టుకుంటారట్రా? మీ ఇంట్లో అదే నేర్పారా?"

అంపోఫో రోకలి తీసుకున్నాడు, ఎత్తాడు. ఎత్తిన చేతులు గడగడా వణికాయి. దించలేకపోయాడు.

"నావల్ల కాదు నానా. మళ్లీ తగిలితే?"

నానా తలెత్తి, శిష్యుడి వణుకుతున్న చేతులకేసి చూశాడు.

"వేలు నలిగింది నాకు. వణుకు నీకు" అన్నాడు. "ముద్ద చల్లారితే రాయవుతుంది. దంచు."

అంపోఫో దంచాడు. ఒక్కో దెబ్బకీ నానా చెయ్యి లోపలికి వెళ్లింది, తిరిగొచ్చింది. ఆ చెయ్యి ఒక్కసారి కూడా జంకలేదు. ఫుఫూ మెత్తగా వచ్చింది. ఒకే గిన్నెలో ఇద్దరూ తిన్నారు. నానా చూపుడువేలు పైకి ఎత్తిపట్టుకుని, మిగతావేళ్లతో ముద్దలు తుంచుకున్నాడు, మధ్యమధ్య ఇంకా తిడుతూనే. ఆకలి లేదన్నవాడు గిన్నె అడుగంటా నాకాడు.

డాక్టరు వేలికి కట్టు కట్టి పంపించాక, ఇంటిముందు టాక్సీ దిగుతూ నానా అడిగాడు.

"సార్పాంగ్‌కి ఫోన్ చెయ్యమన్నావు. చెయ్యనా?"

అంపోఫో వాకిట్లో పడున్న రోకలి తీసి గోడకి ఆనించాడు. వెళ్లొస్తానని చెప్పి వెళ్లిపోయాడు.

ఆదివారం స్టేడియం కిటకిటలాడింది. నానా కట్టు కట్టిన వేలు ఒళ్లో పెట్టుకుని ముందు వరసలో కూర్చున్నాడు. అంపోఫో కోపం పోయిందా అంటే, పోలేదు. ఎబోని చూడగానే కాల్లో ప్లేటు సలిపింది. రాత్రికి రాత్రి చల్లారేదైతే అది కోపమెలా అవుతుంది?

ఆట మొదలై చాలాసేపు బంతి ఇటూ అటూ తిరుగుతూనే ఉంది. మొదటి సగం అయిపోవస్తోంది. గీత బయట సార్పాంగ్ ఇంకొక ఆటగాణ్ని సిద్ధంగా నిలబెట్టాడు. అప్పుడు బంతి అంపోఫో కాళ్ల దగ్గరికి వచ్చింది. కుడివైపు ఎబో ఖాళీగా ఉన్నాడు. చెయ్యెత్తలేదు. ఎత్తి లాభం లేదని వాడికి ఏనాడో తెలిసిపోయింది.

అంపోఫో వాడికి బంతి కొట్టాడు.

ఎబో అది తనకని అనుకోనేలేదు. అనుకునేసరికి బంతి వాడి కాలికింద నుంచి గీత దాటి పోయింది. జనం గొల్లుమన్నారు. "చేపలు పట్టుకోరా!" అని అరిచారు. ఎబో మొహం పాలిపోయింది. వాడు అంపోఫో వైపు తిరిగి, దూరంనుంచే, రెండు చేతులూ ముందుకు చాపి ఏదో చెప్పబోయాడు. ఆ చేతులు వణుకుతున్నాయి.

అంపోఫోకి మళ్లీ ఒళ్లు మండింది. చూశారా, వీడికి బంతిచ్చినా ఇంతే! ఏడాదికి ఒక్కసారి ఇస్తే ఇదీ వాడి నిర్వాకం!

బంతి మళ్లీ వచ్చింది. ఎడంవైపు దారి తెరుచుకుని ఉంది, సార్పాంగ్ షరతు తీరిపోయింది కాబట్టి అటు కొడితే అడిగేవాడు లేడు. అవతలి జట్టువాడు కాలిమీదికి జారుకుంటూ వస్తున్నాడు. అంపోఫో కాలు వెనక్కి తీయలేదు. కుడివైపుకి, సూటిగా, మళ్లీ ఎబోకే పంపి, ఆ దెబ్బకి నేలమీద పడ్డాడు.

ఈసారి బంతి ఎబో కాలిదగ్గర ఆగింది. ఎదురుగా గోల్ ఉంది. వాడు గోల్‌ని చూడకుండా వెనక్కి తిరిగి అంపోఫోని చూస్తున్నాడు, మళ్లీ తప్పితే ఎలా అన్నట్టు.

నేలమీద పడినవాడు పడినచోటునుంచే, ఒంట్లో ఉన్న కోపమంతా గొంతులోకి తెచ్చుకుని, అంపోఫో అరిచాడు.

"నన్నేం చూస్తావురా! దంచు!"