మూడు శాతం కింద కూర్చున్నవాడు

వాతావరణ శాఖ వారి రాడార్ కొండ మీద ఉద్యోగం చేసే కౌండిన్యకు ఒకటే బాధ. లెక్క తప్పకపోయినా తిట్లు తినవలసి వచ్చింది. ఉప్పుమళ్ళ కూలీలు ఆ పేరు నోరు తిరగక కొండబాబు అనేవారు. అతను కొండ దిగేవాడు కాదు గనక అదే సరిపోయింది.

ఆ మంగళవారం మధ్యాహ్నం ఉప్పుమళ్ళ నుంచి పైడమ్మ అనే కూలీ ఫోన్ చేసింది. పడమట మబ్బు కింద దుమ్ము గిరగిరా తిరుగుతోంది, ఇరవైమందిమి రేకుల షెడ్డులో ఉన్నాం, ఉండమంటావా, పొమ్మంటావా అని అడిగింది.

కొండబాబు తెర చూశాడు. కంప్యూటర్ లెక్కలో సుడిగాలి వచ్చే అవకాశం నాలుగు శాతం.

"నాలుగు శాతమేనమ్మా" అని ఫోన్ పెట్టేసి టిఫిన్ డబ్బా తెరిచాడు. ఆ రోజు చట్నీ బాగా కుదిరిందట.

పావుగంటలో సుడిగాలి వచ్చి షెడ్డు కప్పులో సగం లేపేసింది. ఒక రేకు పైడమ్మ మొగుడి కాలు మీద పడింది.

మర్నాడు ఆమె కొండెక్కింది. పైడమ్మకు కోపమొస్తే మా ఊళ్ళో కుక్కలు కూడా దారి ఇస్తాయి. రాడార్‌కు ఆ సంగతి తెలియదు, తన మానాన తాను తిరుగుతూనే ఉంది.

"నాలుగు శాతమన్నావు. మా ఆయన కాలు నూటికి నూరూ ఇరిగింది. నీ శాతాలు రేకులకి తెలుస్తాయేటి బాబూ?"

"నా లెక్క సరైనదే. నూరుసార్లలో నాలుగుసార్లు రావచ్చని దానర్థం. మీకు అర్థం కాకపోతే నేనేం చెయ్యను?"

"అర్థం నీకాడే ఉంచుకో. ఉండాలా, పోవాలా? అదొక్కటే అడిగినాను."

ఆమె వెళ్ళాక కొండబాబు రంగధామం గారి గదిలోకి వెళ్ళి మండిపడ్డాడు. రంగధామం గారు అతనికి పని నేర్పిన పెద్దాయన. మాటకు జీతం కోస్తారన్నంత పొదుపుగా మాట్లాడేవారు.

"మీరే చెప్పండి సార్. లెక్క తప్పా?"

"తప్పు కాదు."

"మరి నన్నెందుకు తిట్టాలి? ఇక ఆ ఊరి ఫోన్ ఎత్తను."

ఆయన చేతిలో కాగితాలు బల్ల మీద విసురుగా పడ్డాయి.

శుక్రవారం మళ్ళీ మబ్బు పట్టింది. ఈసారి లెక్క మూడు శాతం. రంగధామం గారు ఆ కాగితం కొండబాబు చేతిలో పెట్టి జీపెక్కించారు. షెడ్డులో మిగిలిన సగం కప్పు కింద, కూలీల మధ్య, ఒక ఉప్పు బస్తా చూపించారు.

"కూర్చో."

తాను వెళ్ళి జీపులో కూర్చున్నారు.

గాలి లేచింది. రేకులు టపటపలాడాయి. పైనుంచి ఒక బోల్టు ఊడి కొండబాబు బూటు పక్కన పడింది. పైడమ్మ బోల్టును చూసింది, అతన్ని చూసింది.

"ఈయేల ఎంత బాబూ?"

అతను కాగితం చూడలేదు. కప్పు వైపు చూశాడు.

"లేవండి. అందరూ తుఫాను భవనంలోకి నడవండి."

సుడిగాలి రాలేదు. నాలుగు చినుకులు పడి ఎండ కాసింది. సగం పూట పని పోయిందని పైడమ్మ భవనం నుంచి జీపు దాకా అతన్ని తిడుతూనే వచ్చింది. ఉప్పు బస్తాకైనా ఇంతకంటే బుద్ధి ఉంటుందంది. కొండబాబు ఆ తిట్లన్నీ తిని జీపెక్కాడు.

"లెక్క మారిందా?" అని అడిగారు రంగధామం గారు.

"లేదు సార్. మూడే."

ఆయన జీపు స్టార్టు చేశారు.

"ఇవి తినదగ్గ తిట్లు" అన్నారు.