పుక్కిట పట్టిన విద్య

మృదుల ప్రశ్న అడిగిందంటే జవాబు కూడా అందులోనే ఉండేది. ఎదుటివాళ్ళకి మిగిలేది "అవునండి" ఒక్కటే.

మా చానెల్లో ఉదయం ఏడింటికి వచ్చే "పొద్దుటి పలకరింపు"లో తను రెండో యాంకరు. మొదటి యాంకరు శేషారత్నం గారు. పాతికేళ్ళ బట్టీ ఆ పెద్ద కుర్చీ ఆవిడదే. నేను ఏసుపాదాన్ని, ఫ్లోర్ మేనేజర్ని. కెమెరా పక్కన నిలబడి "ఐదు, నాలుగు, మూడు" అని వేళ్ళు చూపించేవాడు ఒకడుంటాడే, ఆ ఒకణ్ణి నేనే. టీవీలో ఎప్పుడూ కనపడను. అందుకే నాకు అన్నీ కనపడతాయి.

పేరు మృదుల గానీ నోరు మాత్రం పెళ్ళివారి బ్యాండుమేళం. తెలివిగల పిల్ల, ఆ మాట కాదనను. ఎవరినైనా పిలిచామంటే వాళ్ళ తాతముత్తాతల దాకా చదివి వచ్చేది. అక్కడే వచ్చింది చిక్కు. చదివిందంతా అప్పజెప్పకపోతే ఆ పిల్లకి తిన్నది అరగదు.

"ఉద్యోగానికి వచ్చినప్పుడు శేషారత్నం మేడమ్ నన్ను ఒక్కటే ప్రశ్న అడిగారు బాబాయ్, 'ఎందుకొచ్చావమ్మా' అని. అరగంట దంచేశాను. అక్కడికక్కడే తీసేసుకున్నారు" అని నాకే పదిసార్లు చెప్పుకుంది.

ఒక గురువారం మంగళగిరి నుంచి ఒక నేత పెద్దాయన్ని పిలిచాం. యాభై ఏళ్ళు మగ్గం మీద కూర్చున్న మనిషి. "చిన్నప్పుడే మగ్గం ఎక్కి ఉంటారు, మీ నాన్నగారే నేర్పి ఉంటారు, ఎన్ని కష్టాలొచ్చినా ఈ పని వదలకూడదని గట్టిగా అనుకుని ఉంటారు, కదండీ?" అంది మృదుల. ఆయన పాపం ఇంకేమంటాడు? "అవునమ్మా" అన్నాడు. పన్నెండు నిమిషాల్లో ఆ పెద్దాయన మాట్లాడినవి పదకొండు మాటలు. నేను లెక్కపెట్టాను. నాకు అంతకన్నా పనేముంది?

ఆ రోజే తెనాలి నుంచి మృదుల వాళ్ళమ్మ ఫోన్ చేసిందట. "భోజనానికి మనిషిని పిలిచి, విస్తరి ముందు నువ్వే కూర్చుంటే ఎట్లాగే?" అందట.

అమ్మ మాటకేం గానీ, ప్రొడ్యూసర్ సుదర్శనం గారి మాట గట్టిది. శేషారత్నం గారు నెలాఖరుకి రిటైరవుతున్నారు. "ఆ కుర్చీ నీదే అనుకున్నాను మృదులా. ఏం చెయ్యను, నువ్వొస్తే జనం చానెల్ మార్చేస్తున్నారు. సోమవారం ఒక్క ఇంటర్వ్యూ ఇస్తాను. అదీ ఇలాగే పోయిందా, హైదరాబాద్ నుంచి సినిమా అమ్మాయిని తెచ్చుకుంటాం" అన్నాడాయన.

రెండేళ్ళుగా తెల్లవారుజామున నాలుగింటికి లేచి, సగం నిద్రలో మొహానికి రంగేసుకుని పెంచుకున్న ఆశ అది.

ఇక్కడ శేషారత్నం గారి గురించి ఒక్క ముక్క చెప్పాలి. యాంకర్ల ముందు బల్ల మీద కప్పులుంటాయి చూడండి, అవి ఖాళీ కప్పులు. వైర్ల మీద ఒలికితే కొంప మునుగుతుందని నేనే ఖాళీవి పెడతాను. అందరూ తాగినట్టు నటిస్తారు. ఆవిడ ఒక్కరే ఇంటి నుంచి మరచెంబుతో నీళ్ళు తెచ్చుకుని, తన కప్పులో తనే పోసుకునేవారు. నేను వద్దన్నా వినేవారు కాదు. దాహం ఎక్కువేమోలే, షుగరుందేమోలే అని ఊరుకున్నాను.

షో అయ్యాక మృదుల మేకప్ రూమ్‌లో ఆవిడ ముందు కూలబడింది. నేను ఓ మూల మైకు బ్యాటరీలు మారుస్తున్నాను.

"నా తప్పేంటో మీరే చెప్పండి మేడమ్. మీ ముందు కూర్చుంటే రాళ్ళు కూడా మాట్లాడతాయి. నాకేమో అందరూ మూగనోము పట్టినవాళ్ళే దొరుకుతారు."

ఆవిడ బొట్టు తీసి అద్దానికి అంటించారు.

"సోమవారానికి నలభై ప్రశ్నలు రాసుకున్నాను. అన్నీ పుక్కిట పట్టేసి వస్తాను, చూడండి" అంది మృదుల.

"పుక్కిట పడతావా?"

"పడతాను."

"అయితే పట్టు."

మరచెంబు మూత తిప్పి, కప్పులో నీళ్ళు పోసి చేతికిచ్చారు. మృదుల గటగటా తాగేసింది.

"మింగమన్నానా?" మళ్ళీ పోశారు. "పుక్కిట పట్టు."

ఈసారి బుగ్గలు బూరెల్లా ఉబ్బించుకుని కూర్చుంది. నాకు నవ్వొచ్చింది. ఆవిడ చటుక్కున నా వైపు తిరిగారు.

"ఏసుపాదం, నువ్వీ పనిలోకి ఎలా వచ్చావయ్యా?"

"ఏదో, అలా వచ్చానండి" అన్నాను.

ఇంకో రోజైతే మృదుల అందుకునేది. "బాబాయికి చిన్నప్పట్నుంచీ టీవీ అంటే పిచ్చి, కదా బాబాయ్" అనేది. నేను "అవునమ్మా" అని బ్యాటరీలు సర్దుకునేవాణ్ణి. ఇప్పుడు తన నోట్లో నీళ్ళు. కళ్ళు మాత్రం నా మీదే ఉన్నాయి. శేషారత్నం గారూ ఉలకరు, పలకరు. ఫ్యాను తిరుగుతున్న చప్పుడు తప్ప గదిలో ఇంకేం లేదు. మనిషన్నవాడు ఎంతసేపని ఊరుకుంటాడు?

"నిజానికి వార్తలు చదువుదామని వచ్చానమ్మా" అన్నాను. నా నోట్లోంచేనా వచ్చిందని నేనే ఉలిక్కిపడ్డాను. "గొంతు బాగుందన్నారు. 'ళ' పలకట్లేదన్నారు. 'ల' అంటున్నానంట. నెల రోజులు కాలవ గట్టు మీద కూర్చుని కళ్ళు, నీళ్ళు, పళ్ళు అని అరిచాను. చుట్టుపక్కల గేదెలన్నీ నావైపే చూసేవి. తీరా నోరు తిరిగి మళ్ళీ వచ్చేసరికి ఆ ఉద్యోగం ఇంకెవరికో ఇచ్చేశారు. వేళ్ళు చూపించే పనుంది, చేస్తావా అన్నారు. వేళ్ళు చూపించడానికి 'ళ' పలకక్కర్లేదు గదమ్మా."

ఈ పద్దెనిమిదేళ్ళ ఉద్యోగంలో మా ఆవిడకి కూడా చెప్పని మాట అది.

మృదుల గుటక వేసింది. కళ్ళనిండా నీళ్ళు. "రెండేళ్ళు బాబాయ్... రోజూ నా ఎదురుగానే నిలబడ్డావు..." అంది.

శేషారత్నం గారు మరచెంబు మూత బిగించుకుని ఇంటికి వెళ్ళిపోయారు.

సోమవారం వచ్చిన మనిషి పేరు పల్లాలమ్మ. కోనసీమ లంకల్లో పిల్లల్ని పడవ మీద బడికి దాటించే ఆవిడ. మొన్నటి వరదలో పదకొండు మంది పిల్లల్ని క్షేమంగా ఒడ్డుకి చేర్చింది. అప్పటికే మూడు చానెళ్ళు పిలిచి కూర్చోబెట్టాయి. మూడింట్లోనూ ఆవిడ అన్నది ఒకటే మాట, "ఆయ్." గోదావరి వాళ్ళకి ఆ ఒక్క మాట చాలు. ఔనన్నా అదే, చిత్తమన్నా అదే. అక్కడి యాంకర్లు తలలు పట్టుకున్నారట.

ఆ పొద్దున మృదుల కప్పులో నేనే నీళ్ళు పోశాను. ఉద్యోగంలో చేరాక తెలిసి చేసిన మొదటి తప్పు అది. ఆ సోమవారమే నెలాఖరు, అయినా శేషారత్నం గారు సెట్లోకి రాలేదు. ఐదు, నాలుగు, మూడు.

"నమస్కారం పల్లాలమ్మ గారూ! వరద చూడగానే ముందు భయమేసి ఉంటుంది, అయినా పసిపిల్లల మొహాలు చూసి ధైర్యం తెచ్చుకుని ఉంటారు, కదండీ?"

పుట్టుకతో వచ్చిన బుద్ధి, ఎక్కడికి పోతుంది!

"ఆయ్" అంది పల్లాలమ్మ.

"ఆ గోదారమ్మే మీ చేత చేయించిందని ఇప్పటికీ అనుకుంటూ ఉంటారు, కదండీ?"

"ఆయ్."

నా చెవిలోని ఇయర్‌ఫోన్‌లో సుదర్శనం గారు పెద్దగా నిట్టూర్చాడు. అయిపోయిందిరా దేవుడా అనుకున్నాను.

మృదుల నా వైపు చూసింది. నేను వేళ్ళేమీ చూపించలేదు. చేతిలో ఉన్న కాగితాలు బల్ల మీద బోర్లించింది. అందులో ఇంకా ముప్పై ఎనిమిది ప్రశ్నలున్నాయి.

"ఆ రోజు ఏం జరిగిందమ్మా?" అంది. కప్పెత్తి ఒక గుక్క పట్టింది. మింగలేదు.

పల్లాలమ్మ చీర కొంగుకి ముడేసింది. విప్పింది. ఒకటి, రెండు, మూడు.

టీవీలో మూడు సెకన్లు మాట లేకపోతే జనం రిమోట్ కోసం వెతుక్కుంటారు. ఇయర్‌ఫోన్‌లో సుదర్శనం గారు ఒకటే గగ్గోలు. "ఏసుపాదం! ఏం చేస్తున్నావయ్యా? మాట్లాడమను! చెయ్యి ఊపు!" నాకు జీతమిచ్చేదే చెయ్యి ఊపడానికి. నేను ఇయర్‌ఫోన్ తీసి జేబులో పెట్టుకుని చేతులు కట్టుకున్నాను. ఆరు. ఏడు. మృదుల చూపు ఆవిడ మీద నుంచి కదల్లేదు. తొమ్మిది.

"నాకు ఈత రాదండి" అంది పల్లాలమ్మ.

కెమెరా వాళ్ళు కూడా తలెత్తి చూశారు. మృదుల కనుబొమ్మలు రెండూ నుదుటి మీదికెక్కాయి. అయినా మింగలేదు, నా తల్లి!

"ఎవురికీ చెప్పలేదండి. పడవ నడిపేదానికి ఈత రాదంటే పిల్లల్ని ఎక్కిత్తారేటండి? ఆ రోజు తెడ్డు ఇరిగిపోయింది. పడవలోకి నీరొచ్చేత్తంది. పడవ తాడు నడుంకి కట్టుకుని దిగిపోయానండి. అడుగున పాత గట్టొకటుంది. కంటికి కనబడదు, కాలికి తెలుత్తాది. పీకల్దాకా నీళ్ళు. ఒక్కడుగు పక్కకి పడితే నేనుండను. ఎనక్కి తిరిగి చూసే ఈలు లేదండి. అందుకని పిల్లల్ని ఎక్కాలు చెప్పమన్నాను."

అప్పుడు మింగింది మృదుల. "ఎక్కాలా?" అంది. అంతే, ఒక్క మాట.

"ఆయ్. ఎక్కాలు ఇనబడతన్నంతసేపూ అందరూ ఉన్నట్టే కదండి. ఒక్క గొంతు తగ్గినా తెలిసిపోద్ది. రెండో ఎక్కం కాడ మొదలెట్టారు. ఏడో ఎక్కంలో ఒకడు ఏడుపందుకున్నాడు. ఒరే, ఏడిత్తే ఏడిశావు గానీ గట్టిగా ఏడవరా అన్నాను. పదమూడో ఎక్కం కాడ నా కాళ్ళకి మెట్ట తగిలిందండి. నాకు సదువు రాదు. ఆళ్ళు తప్పు చెప్పారో ఒప్పు చెప్పారో నాకేం తెలుసు? పదకొండు గొంతులూ ఇనబడ్డాయి. అదే నాకు ఒప్పు."

ఆవిడ నవ్వబోయి ఆగిపోయింది. కొంగు మళ్ళీ ముడేసింది. "ఇప్పుడు నోరు జారి చెప్పేశానండి. రేపట్నించి నా పడవ ఎక్కుతారో, ఎక్కరో."

మృదుల ఆవిడ చెయ్యి పట్టుకుంది. ధైర్యం చెప్పలేదు, ఏమీ చెప్పలేదు. అంతలో షో చూసేవాళ్ళు చేసే ఫోన్లలో ఒకటి కలిసింది. ఆ లంక నుంచే, ఒక పిల్ల తండ్రి.

"పల్లాలమ్మక్కా! నీకు ఈత రాదని ఊరందరికీ తెలుసే! నువ్వు చిన్నబుచ్చుకుంటావని ఎవురం అనలేదు. ఈత రానిదైతేనే పడవ జాగర్తగా నడుపుద్దని మా అమ్మ నీ పడవే ఎక్కించమంటాది!"

పల్లాలమ్మ చెయ్యి విడిపించుకుని కొంగు ముడి విప్పేసింది. తరవాత కొంగు మొహానికి అడ్డం పెట్టుకుని పడీ పడీ నవ్వింది. నవ్వుతూనే ఏడ్చింది. లైవ్‌లో చప్పట్లు కొట్టకూడదని పద్దెనిమిదేళ్ళుగా అందరికీ చెప్పేవాణ్ణి నేనే. అందరికన్నా ముందు కొట్టిందీ నేనే.

ఇయర్‌ఫోన్ మళ్ళీ పెట్టుకుంటే సుదర్శనం గారి గొంతు బొంగురుపోయి ఉంది. "హైదరాబాద్ అమ్మాయికి రావద్దని చెప్పేయండి. కుర్చీ మన పిల్లదే" అంటున్నాడు. కప్పులో నీళ్ళు పోసినవాడెవడని కూడా అన్నాడు లెండి.

మృదుల మేకప్ రూమ్‌కి ఒకటే పరుగు. వెనకాలే నేను. శేషారత్నం గారు సంచీ సర్దుకుంటున్నారు.

"ఎలా జరిగిందే?" అన్నారు, ఏమీ ఎరగనట్టు. కప్పు నోటి దాకా ఎత్తారు.

"గెలిచాం మేడమ్! కుర్చీ నాదేనట!" ఇంక చూసుకోండి, బ్యాండుమేళం! ఈత సంగతి, ఎక్కాల సంగతి, ఫోన్ సంగతి అన్నీ ఊపిరి తిప్పుకోకుండా చెప్పింది. చెప్పడం అయిపోయినా శేషారత్నం గారు ఏమీ అనలేదు. తన వైపే చూస్తున్నారు. మృదుల గొంతు తగ్గింది. "మొదటి రెండు ప్రశ్నలూ పాత పద్ధతిలోనే అడిగేశాను మేడమ్. సిగ్గుతో చచ్చిపోయాను." ఇంకొంచెం ఆగింది. "రేపట్నుంచి మీరుండరు. నాకు భయంగా ఉంది..."

అంటూ ఠక్కున ఆగిపోయింది. శేషారత్నం గారి బుగ్గలు ఉబ్బి ఉన్నాయి.

మృదుల ఆ బుగ్గల కేసి చూస్తూ ఉండిపోయింది.

"మేడమ్... నన్ను ఉద్యోగంలోకి తీసుకున్న రోజు... అప్పుడు కూడా మీ చేతిలో కప్పుంది కదూ?"

ఆవిడ తలూపారు. అప్పుడు గుటక వేశారు. మరచెంబులో మిగిలిన నీళ్ళు సింకులో వంపేశారు. మూత బిగించి, ఖాళీ చెంబు మృదుల చేతిలో పెట్టారు.

"ఏ రోజువి ఆ రోజే పట్టుకోవే" అన్నారు. "నిన్నటి నీళ్ళు పనికిరావు."