రెండు చెలమలు

అనగనగా ఒక అడవిలో, వాన మొహం చాటేసిన ఏడాది, జూలమ్మ అనే ఎలుగుబంటి ఉండేది. దాని వీపు మీద ఎప్పుడూ ఓ బుజ్జి పిల్ల. వాగు ఎండిపోయింది. అయినా జూలమ్మ గోళ్లు ఊరుకుంటాయా పిల్లలూ! వాగు ఇసుకలో గుంత తవ్వింది. నీళ్లు ఊరి చెలమ అయింది. పక్కనే చుక్కమ్మ అనే జింక కూడా తన కూన కోసం గిట్టలతో గీకి గీకి చిన్న చెలమ చేసుకుంది.

జూలమ్మ తాగింది చాలక ఒళ్లంతా చల్లుకుంది. చెలమ అడుగంటింది. మోకాలి లోతు తవ్వింది.

"అక్కా, నువ్వు తవ్వాక నా చెలమలో నీళ్లు తగ్గిపోయాయి" అంది చుక్కమ్మ.

"నీ చెలమ నీది, నా చెలమ నాది. నన్నంటావేం?" అని జూలమ్మ మూతి తిప్పుకుంది.

ఆ నీళ్లూ అయిపోయాయి. ఈసారి నడుం లోతు తవ్వింది.

"గుంతలు రెండైనా కింద నీళ్లు ఒక్కటే కదక్కా! కాస్త ఆగి ఆగి తాగుదాం" అని చుక్కమ్మ బతిమాలింది. జూలమ్మ విననట్టే ఉంది.

అవి కూడా అడుగంటాక నిలువు లోతు తవ్వింది. గోళ్లకు బండ తగిలింది. అడుగున గుక్కెడు నీళ్లున్నాయి. "రా నాన్నా, తాగు" అని పిలిచింది. పిల్ల తొంగి చూసి హడలిపోయింది. అంత లోతుకు దిగలేక చుక్కమ్మ చెలమ దగ్గరికి పరుగెత్తింది. అక్కడ జింకకూన తడి ఇసుక నాకుతోంది. అది పక్కకు జరిగి చోటిచ్చింది. రెండూ మూతులు ఆనించుకుని ఆ తడినే నాకాయి.

జూలమ్మ గుండె కలుక్కుమంది.

"చెల్లీ, నీ పిల్ల నోటి దగ్గరి నీళ్లు లాక్కున్నాను. నా పిల్లకూ లేకుండా చేసుకున్నాను" అని ఏడ్చింది.

"ఏడిస్తే చెలమ నిండదులే అక్కా, లే" అంది చుక్కమ్మ.

రెండు తల్లులూ కలిసి పిల్లలు దిగేలా ఆ లోతు గుంతను ఏటవాలుగా చేశాయి. ముందు పిల్లలు, తర్వాత తల్లులు. దాహం తీరేంతే తాగేవి. మళ్లీ ఊరేదాకా ఆగేవి. జూలమ్మ ఒళ్లు చల్లుకోవడం మానేసింది. అలా ఆ ఎండాకాలం గట్టెక్కింది.

వాన వచ్చింది. అడవంతా చిందులేస్తుంటే జూలమ్మ మాత్రం వాగు పైనున్న కొండవాలు పొడవునా గుంతలు తవ్వుతూ కూర్చుంది. "ఈ నీళ్లు పారిపోకుండా ఇక్కడే ఇంకాలి చెల్లీ" అంది.

మరుసటేడు వాన మళ్లీ మొహం చాటేసింది. ఎలుగుపిల్ల చిట్టి గోళ్లతో ఇసుక కాస్త గీకిందో లేదో, నీళ్లు ఊరాయి. తాగబోయి ఆగింది.

"జింకా, రా! ముందు నువ్వు తాగు" అని జింకకూనను కేకేసి పిలిచింది.

నీతి: నేల కింది నీరు అందరిదీ. పొదుపుగా తోడుకుని, వాన పడినప్పుడు మళ్లీ నేలకే ఇస్తే కరువును దాటగలం.